రాహుకాలంలో రాయని ఒక్క వరుస

ఎనభైల చివర్లో నరసరావుపేటలో నేను లెక్కల లెక్చరర్ని. మా కాలేజీకి ఒకే ఒక్క కంప్యూటర్. దాని గదికి వేసినంత తాళం జైలుకి కూడా వేసి ఉండరు. ఆ గదిలో ‘లైబ్రరీ’ అని ఒక ఫ్లాపీ ఉండేది. వర్గమూలాలు, మాత్రికలు, సమీకరణాలు సాధించే చిన్న చిన్న ప్రోగ్రాములన్నీ అందులోనే. ఎవరి ప్రోగ్రాము వాళ్ళు రాసుకున్నా, గట్టి లెక్క వచ్చేసరికి మేమూ, మా యంత్రం కోసం వచ్చే బయటి ఇంజినీర్లూ, అందరం ఆ ఫ్లాపీలోని ముక్కనే తెచ్చుకుని వాడుకునేవాళ్ళం. ఊరంతటికీ ఒకటే రోలు అన్నమాట. అందులో రాయి పడితే అందరి పచ్చడిలోనూ పడుతుంది. అందుకే ఒక నియమం పెట్టుకున్నాం. ఫ్లాపీలో అక్షరం మార్చినవాడు, బల్లకి దారంతో కట్టిన నోటుపుస్తకంలో ఎర్రసిరాతో రాసి తీరాలి.

ఒక గురువారం, మధ్యాహ్నం భోజనాలయ్యాక, ఆ అక్షరం నేను మార్చాను. మర్నాడు పిల్లలకు సమీకరణాలు సాధించి చూపించాలి. మా యంత్రం జవాబుని సవరించుకుంటూ, సవరించుకుంటూ పోయేది. అది తేల్చేలోపు మాచర్ల వెళ్ళి పెళ్ళి భోజనం చేసి రావచ్చు. పాత జవాబుకీ కొత్త జవాబుకీ తేడా పదివేలవ వంతుకు తగ్గేదాకా ఆగవద్దని ఉన్నచోట, ఒకటికి తగ్గితే చాలని మార్చాను. ఇలా నొక్కానో లేదో, అలా జవాబు, మోటుదైనా! పాఠం అవగానే పాతది పెట్టేద్దాం అనుకుంటూ ఎర్రపెన్ను తీశాను. మా అటెండరు గోడ గడియారం చూశాడు.

“రాహుకాలం సారూ. ఇప్పుడు ఎర్రసిరాతో ఏం రాత్తారు? మూడు దాటాక రాసుకోండి.”

లెక్కలు చెప్పేవాణ్ణే గాని, పిరికితనంలో నాకు జిల్లాలో పోటీ లేదు. పెన్ను జేబులో పెట్టాను. మూడు దాటింది. రాయాల్సింది, మళ్ళీ సరిచేయాల్సింది, రెండూ నా బుర్ర కూడా దాటిపోయాయి.

శనివారం పొద్దున్నే అటెండరు ఎదురొచ్చాడు.

“నిన్న సాయంత్రం స్లాబుల ఇంజినీరు గారొచ్చారు సారూ. రెండు గంటల లెక్క పావుగంటలో అయిందని చానా మురిసిపోయారు. రాత్రికి రాత్రే కడ్డీలు కట్టించి, చిలకలూరిపేటలో పత్తి జిన్నింగు మిల్లు స్లాబు ఇయ్యాలే పోత్తన్నారంట.”

నా గుండె చెప్పుల్లోకి జారింది. ఆయన కడ్డీల లెక్కంతా ఆ సమీకరణాల మీదే! రేపు ఆ స్లాబు కింద ఆడకూలీలు కూర్చుని పత్తి ఏరతారు. పరుగెత్తి బస్సెక్కాను. ఆ బస్సు దారిలో ప్రతి మిరపకాయ బస్తానీ పలకరించి ఎక్కించుకుంది. కళ్ళు మూసుకుంటే స్లాబు కూలుతోంది, తెరిస్తే పక్కవాడి మోకాలు. కూలిన శబ్దం కూడా విన్నాను. అది నా పళ్ళది.

దిగేసరికి పదీ ఇరవై. ఇంకా పొయ్యలేదు! రాహుకాలం పోయాక, పదిన్నరకి కొబ్బరికాయ కొడదామని ఆగారట.

“ఆపండి!” అని అరిచాను. కాకులు లేచిపోయాయి.

“ఏందయ్యా మాస్టారూ, కుక్క తరుముతుందా?” అన్నాడు ఇంజినీరు.

చెప్పాను. ఆయన నవ్వు ఎండిపోయింది. సిమెంటు బస్తా మీద కూర్చుని చేత్తో లెక్క మొదలుపెట్టాడు. పక్కనే సాయిబు మేస్త్రీ బీడీ ఆర్పేశాడు.

“నడిమి స్తంభం మీద పై కడ్డీలు పల్చగున్నయ్యని పొద్దున్నే చెప్పా. కంప్యూటరు చెప్పింది, నువ్వు నోర్ముయ్ అంటివి.”

చాలాసేపటికి ఇంజినీరు తలెత్తాడు. “మూడు కడ్డీలు తక్కువ బాబాయ్. నువ్వే కరెక్టు.”

మేస్త్రీ నన్ను ఎగాదిగా చూశాడు. “నీ మిషనుకో బీడీ ఇప్పించు మాస్టారూ. తొందర తగ్గుద్ది.”

కడ్డీలు కట్టిస్తుంటే నాకు ప్రాణం లేచొచ్చింది. టీ అడుగుదామనుకుంటున్నాను. ఇంజినీరు నా చొక్కా పట్టుకున్నాడు.

“ఫ్లాపీ సరిచేసే వచ్చావా?”

లేదు. నేరుగా బస్సుకే పరుగెత్తాను. పైగా శనివారాల్లో గురజాల నుంచి ఒక ఇంజినీరు అదే ఫ్లాపీకి నకలు తీసుకోవడానికి వస్తాడు!

తిరుగు బస్సులో కూర్చోలేదు. సీట్లున్నా నిలబడే వచ్చాను, ముందు దిగొచ్చని. గది గుమ్మంలో గురజాల ఆయన అప్పుడే చెప్పులు విడుస్తున్నాడు. ఆయన్ని తోసుకుని లోపలికి దూరి పాత అంకె పెట్టాను, ఎర్రపెన్ను తీసి నోటుపుస్తకం తెరిచాను. అటెండరు ఏదో అనబోయాడు.

గడియారం వైపు చూడకుండా రాసేశాను.