శాలిబండ మీద కొత్త చుక్క

ఆ చలికాలం శాలిబండలో పొద్దుగూకగానే ఆకాశంలో ఒక కొత్త చుక్క కనిపించేది. ఒకచోట నిలిచేది కాదు. గుడి అర్చకుడైన మా నాన్న దాన్ని సంచార నక్షత్రమన్నాడు, చూసినవాళ్లంతా శాంతి చేయించుకోవాలన్నాడు. పక్కింటి సైన్సు పంతులు అది తోక రాలిన తోకచుక్క అని నోటుబుక్కులో దాని దారి గీశాడు. ఆ దారి చిక్కుపడిన నూలుండలా వచ్చినా ఆయనకు అనుమానం రాలేదు.

మా గల్లీలో గడియారాలు బాగుచేసే ఆయనకు మాత్రం దిగులు పట్టుకుంది.

"అందరికి కనవడ్తుందంట, నాకే కనవడ్తలేదు భాయ్," అన్నాడు నాతో. "దుకాణం బంద్ చేసి రోజూ మిద్దె మీదనే ఉంటున్న గదా. పతంగి దారానికి మైనంబత్తి ఎలిగించిన కాయితం కందిలి కట్టి ఎగరేస్తుంట. నా కందిలి తప్ప ఇంకేం కనవడ్తలేదు. ఏం కీడో ఏమో, గా చుక్క పోయేదాంక పతంగి ముట్ట."

చెబుదామని నోరు తెరిచాను. అప్పటికే సగం గల్లీకి శాంతి చేసిన నాన్న గుర్తొచ్చి మూసుకున్నాను.

మర్నాటి నుంచి చుక్క లేదు. శాంతి ఫలించిందన్నాడు నాన్న. తన లెక్క ప్రకారమే వెళ్లిపోయిందన్నాడు పంతులు.

వారం తర్వాత గడియారాలాయన కొబ్బరికాయతో మా ఇంటికొచ్చాడు.

"పీడ పోయింది గదా బాపూ, ఇగ పతంగి ఎగరెయ్యొచ్చా?"

"నిశ్చింతగా ఎగరేసుకో," అని దీవించాడు నాన్న.