పూల తొడుగు కింద

వీధిలో అందరూ ఆమెను మడతలమ్మ అంటారు. ఖాళీ ప్లాస్టిక్ సంచిని కూడా నాలుగు మడతలు పెట్టిగాని దాచదు. ఇంట్లో కేకులు చేసి అమ్ముతుంది. ఆ ఓవెన్ వెలిగితేనే ఇల్లు గడిచేది.

ఒద్దికగా సర్దుకున్న ఇంట్లోకి ఆపద రాదంటారు. ఆ మాట వైరుకు ఎవరూ చెప్పలేదు. ఉన్న ఒక్క గదిలో ఒక మూల వంట, దాని పక్కనే అత్తగారి మంచం, గోడకు ఒకే ఒక్క ప్లగ్గు. ఇంకోటి పెట్టించమంటే ఓనరు ‘చూద్దాం’ అన్నాడు, ఏడాదిగా చూస్తూనే ఉన్నాడు. ఫ్రిజ్జునూ ఓవెన్‌నూ ఒకే ఎక్స్‌టెన్షన్ బాక్సుకు తగిలించింది మడతలమ్మ. మిగిలిన వైరు నేల మీద పాములా పడి ఉంటే ఆమెకు కంట్లో నలుసే. బిగించి చుట్టచుట్టి, రిబ్బను కట్టి, పూలగుడ్డతో తొడుగు కుట్టి తొడిగి, మంచం కిందికి తోసేసింది.

వారంగా ఇంట్లో చేపల వాసన. చేప ఆ గడప తొక్కి నెలలయింది. మడతలమ్మ తూము కడిగింది, చెత్తబుట్ట మార్చింది, చివరికి అత్తగారి మీద పడింది.

“అత్తయ్యా, దిండు కింద ఏమైనా దాచారా?”

“చెరువు దాచాను. గాలం తెచ్చుకో. నా ముక్కు పోయి చాన్నాళ్లయింది గానీ, నడుం బాగానే ఉంది. ఈమధ్య కింద నుంచి వెచ్చగా కాపడం పెడుతున్నట్టుంటోంది, ప్రాణానికి హాయిగా ఉందిలే.”

మడతలమ్మ పిండిగిన్నె దించి, మంచం కిందికి చెయ్యి పోనిచ్చి, చటుక్కున లాక్కుంది. గోడ స్విచ్చు ఆపి, ప్లగ్గు పీకి, తొడుగు విప్పింది. పూలు లోపలివైపు గోధుమరంగుకు మాడాయి. చుట్ట నడిమి వరసలు ఒకదానికొకటి అతుక్కుపోయాయి. వారంగా వస్తున్న చేపల వాసన ఆ మాడిన వైరుదే.

ఎలక్ట్రీషియన్ తమ్ముడికి ఫోన్ చేసింది.

“చుట్టచుట్టి, దుప్పటి కప్పి పడుకోబెట్టావా? దానికేం జ్వరమా అక్కా? అసలు ఓవెన్‌కి ఆ బాక్సే పనికిరాదు, నేరుగా గోడకే పెట్టాలి.”

“మరి ఫ్రిజ్జు?”

“అదీ గోడకే.”

“గోడకున్నది ఒక్కటే కదరా.”



క్రీము ఫ్రిజ్జులో ఉంది, పిండి గిన్నెలో ఉంది. సాయంత్రానికి కేకు ఇస్తానని ఒకింటివాళ్లకు మాటిచ్చింది. ఒకటి వెలిగితే రెండోది పాడు. ఆమె ఫ్రిజ్జును గోడకు పెట్టి, కేకు రాదని వాళ్లకు చెప్పింది. తర్వాత ఓనరుకు ఫోన్ చేసింది. ఆయన సావకాశంగా విని, “చూద్దాంలేమ్మా” అన్నాడు.

గిన్నెలో పిండి బుడగలు కట్టి అణిగిపోతోంది.

“ఏమ్మాయ్, వెచ్చదనం పోయిందేం?” అంది అత్తగారు.

మడతలమ్మ అటక మీది దుప్పటి లాగి, మడతలైనా సరిగా విప్పకుండా ఆవిడ మీద కప్పింది.