గేటు దగ్గర పిలవని పేరు

మా బావ పోయాడు. మంగళవారం పొద్దున అక్క ఫోన్ చేసి, "మీ బావ ఇయ్యాల చాయ్ అడగలేదురా" అంది. అంతే అంది. అమెరికాలో, ఫీనిక్స్ పక్కన చాండ్లర్‌లో వాళ్ళ ఇల్లు మా ఇంటికి పన్నెండు నిమిషాలు. నేను వెళ్ళేసరికి గిన్నె ఇంకా స్టవ్ మీదే ఉంది, చాయ్ పైన మీగడ కట్టి.

మధ్యాహ్నానికల్లా ఇక్కడి మన తెలుగు సంఘం వాట్సాప్ గ్రూపులో సంతాపం వచ్చింది. తెలుగు సంస్కృతికి తీరని లోటట. ఆ ముక్క రాసిన పెద్దమనిషే ఒక ఉగాదికి మా బావను వేదిక ఎక్కనివ్వలేదు. "మీ బావగారు మైక్ ఇస్తే స్ట్రైక్ అంటారు, యూనియన్ అంటారు. మన పిల్లలంతా హెచ్‌వన్ వీసా మీద ఉన్నారు, ఎందుకండీ మనకీ గొడవ?" అని నా చెవిలో ఊదాడు. నేను తల ఊపాను. తల ఊపడంలో నాది చెయ్యి తిరిగిన పనితనం. బతికినన్నాళ్ళూ ఆయన్ని పిచ్చోడన్నవాళ్ళు ఇప్పుడు పూలు పంపుతున్నారు కాబట్టి, ఆయనేమిటో నేను రాస్తున్నాను. రాసే అర్హత మాత్రం నాకు వాళ్ళందరికంటే తక్కువ.

మా బావ మెత్తని మనిషి. మెటలర్జీ చదివి, అరిజోనా కొండల్లో ఒక రాగి గని ఊళ్ళో ఉద్యోగానికి కుదిరాడు. వరంగల్‌లో నేను ఇంజనీరింగ్ చదువుతూ గోడల మీద నినాదాలు రాసే రోజుల్లో సెలవుకు వచ్చి, నా అరచేతుల ఎర్రరంగు చూసి, "ఏం బామ్మర్దీ, గోరింటాకా?" అనేవాడు. జీవితంలో ఒక్క మీటింగుకు వెళ్ళి ఎరగడు. నేనో? ఎనిమిది గంటల పని కోసం షికాగోలో ఉరికంబం ఎక్కినవాళ్ళ గురించి గంటసేపు ఆగకుండా మాట్లాడేవాణ్ణి. అమెరికా కార్మికుల చరిత్ర అమెరికా చూడకముందే నాకు నోటికి వచ్చు.

ఆయన వెనకే నేనూ వచ్చి టూసాన్‌లో ఎమ్మెస్ చేశాను. నా చదువు అయిపోయే నెలలోనే ఆ గనిలో సమ్మె మొదలైంది.

బావ ఆఫీసు ఉద్యోగి. యూనియన్ సభ్యుడు కాదు, సమ్మె ఆయనది కాదు. కార్మికులు బయటికి వెళ్ళాక రాగి కరిగించే ఫర్నేస్ ఆరిపోకుండా ఆఫీసు వాళ్ళే నడపాలని కంపెనీ హుకుం జారీ చేసింది. రెండు రోజులు వెళ్ళాడు. మూడో రోజు గేటు దాకా వెళ్ళి కారు వెనక్కి తిప్పుకుని వచ్చేశాడు. నేను ఎగిరిపడ్డాను. సిద్ధాంతం ఏదో చెబుతాడనుకున్నాను.

"ఆ గేటుకాడ నిలవడ్డోడు నాకు డ్రైవింగ్ నేర్పిండురా. ఆయన మీదికే కారెట్ల తోల్త?" అన్నాడు.

అంతే ఆయన సిద్ధాంతం. ఆ మనిషి క్రేన్ నడిపే పొడుగాటి మెక్సికన్. బావ ఊరికి కొత్తగా వచ్చినప్పుడు నాలుగు ఆదివారాలు పక్కన కూర్చుని కారు నేర్పాడు.

వారంలో బావ ఉద్యోగం పోయింది. ఆ పై వారం ఆ ఉద్యోగం నాకు వచ్చింది.

అక్క వాళ్ళ వంటింట్లో జరిగిన మాటలు అక్షరం పొల్లుపోకుండా గుర్తున్నాయి.

"నువ్వొద్దన్న పని ఎవలో ఒకలు చేస్తరు గద బావా. నా వీసాకు నెల గూడ లేదు" అన్నాను.

"చేస్తరు. ఎవలో ఒకలు చేస్తరు."

"మరి నేను చేస్తే తప్పేంది?"

"తప్పని నేనన్ననా? ఆ ఎవలో ఒకలు మా ఇంట్ల అన్నం తినేటోడైతడని అనుకోలే, గంతే." పప్పు గిన్నె నా వైపు జరిపాడు. "తిను, సల్లారిపోతది."

తిన్నాను.

ఆ గేటు దగ్గర ఒక పద్ధతి ఉండేది. సమ్మె దాటి పనిలోకి వెళ్ళేవాణ్ణి ఈ దేశంలో 'స్కాబ్' అని, అంటే పుండు మీది పక్కు అని తిడతారు. కానీ ఆ ఊళ్ళో తిట్టుకంటే పెద్ద శిక్ష పేరు. కారు గేటు దగ్గర నెమ్మదించగానే ఆ క్రేన్ మనిషి లోపలివాడి పేరు మూడుసార్లు గట్టిగా పిలిచేవాడు. ఇంటిపేరుతో సహా. అందరూ తిరిగి చూసేవాళ్ళు. ఆ పేరు సాయంత్రానికి చర్చిలో, బడిలో, మంగలి షాపులో తెలిసిపోయేది. కొందరు ఆ పిలుపు భరించలేక వెనక్కి తిప్పుకుని వెళ్ళిపోయారు కూడా.

నా మొదటి రోజున నా కారు ముందు మూడు కార్లున్నాయి. మూడు పేర్లు విన్నాను. నేను నడుపుతున్నది బావ నాకిచ్చిన పాత గోధుమరంగు కారు. క్రేన్ మనిషి దాన్ని గుర్తుపట్టాడు. తను డ్రైవింగ్ నేర్పిన కారది. లోపల వేరే ముఖం. ఉద్యోగం పోయాక ఆ వరసలోకే వచ్చి తన పక్కన నిలబడ్డ మా బావ వైపు తిరిగి, ఎవరతను అని అడిగాడు. అద్దంలోంచి పెదాల కదలిక కనిపించింది. బావ నన్నే చూస్తున్నాడు. నోరు విప్పలేదు. మళ్ళీ అడిగాడు. విప్పలేదు. రెండొందల మంది నిలబడ్డ చోట నా టైర్ల కింద కంకర నలిగిన చప్పుడు తప్ప ఇంకేమీ లేదు.

ఆ తర్వాత ఏ రోజూ ఎవరూ నా పేరు పిలవలేదు. నా కారు వస్తే ఆ వరస అంతా మౌనంగా నిలబడేది.

సమ్మె ఓడిపోయింది. సైనికులు వచ్చారు, హెలికాప్టర్లు వచ్చాయి, కొత్త పనివాళ్ళు వచ్చారు. యూనియన్ పోయింది, కొన్నేళ్ళకు ఊరే ఖాళీ అయింది. నాకు గ్రీన్‌కార్డ్ వచ్చింది. బావ ఫీనిక్స్ దగ్గర ఒక హైస్కూల్లో లెక్కలు చెప్పుకుని బతికాడు. చదవడం అప్పుడు మొదలుపెట్టాడు. పాత పేపర్లు, కోర్టు కాగితాలు, గని కార్మికుల ఉత్తరాలు. నేను చదివి గేటు దాటాను. ఆయన గేటు దగ్గర ఆగి, ఆ తర్వాత చదివాడు.

వందేళ్ళ పైమాట, ఇదే రాష్ట్రంలో సమ్మె చేసిన వెయ్యిమందికి పైగా గని కార్మికులను తుపాకులు పెట్టి పశువుల రైలుపెట్టెల్లోకి ఎక్కించి, ఎడారిలో దింపేసి వచ్చారు. అది జరిగింది జూలైలో. బావ ఏటా జూలైలో ఆ రైలు కట్ట దాకా వెళ్ళేవాడు. ఒకసారి నన్నూ తీసుకెళ్ళాడు. పెట్టెల నేల మీద పశువుల పేడ అట్టలు కట్టి ఉండిందట, తాగడానికి నీళ్ళు సరిగా లేవట. ఆ ఎండలో నీళ్ళ సీసా చేతిలో పట్టుకుని, మూత తీయకుండా గంట నిలబడ్డాడు. నేను కార్లో ఏసీ వేసుకుని కూర్చున్నాను. ఆయన కారు డిక్కీలో ఎప్పుడూ నీళ్ళ డబ్బాలుండేవి. దారిలో ఎక్కడ నినాదాల అట్టలు పట్టుకుని నిలబడ్డవాళ్ళు కనిపించినా ఆగి ఇచ్చి వచ్చేవాడు. "ఏమడుగుతున్నరో తర్వాత తెల్సుకుందాం, ముందైతే ఎండల ఉన్నరు" అనేవాడు.

నా కూతురి పెళ్ళి ఫీనిక్స్‌లో ఒక పెద్ద హోటల్లో చేశాను. గదులు ఊడ్చే ఆడవాళ్ళు ఆ పొద్దునే సమ్మెకు దిగారు. గేటు ముందు డప్పులు, బకెట్లు వాయిస్తూ తిరుగుతున్నారు. మగపెళ్ళివారు కార్లు దిగి, ఆడపెళ్ళివాళ్ళు తమ కోసమే బ్యాండు పెట్టించారనుకున్నారు. వరుడి మేనమామ చేతులెత్తి గంతులు మొదలుపెట్టాడు. "అరేంజ్‌మెంట్స్ సూపర్ బావగారూ, మెక్సికన్ బ్యాండా?" అని నన్ను కౌగిలించుకున్నాడు. ఆ ఆడవాళ్ళు మొదట బిత్తరపోయి, తర్వాత నవ్వాపుకోలేక ఇంకా గట్టిగా వాయించారు. ఇంతమంది పట్టుబట్టలు కట్టుకుని తమకు మద్దతుగా వచ్చారనుకున్నారేమో, పాపం. మావాళ్ళు ఆడుతూ ఆడుతూ లోపలికి వెళ్ళిపోయారు.

బావ ఆగిపోయాడు. పట్టుపంచె, ఉత్తరీయం, వాళ్ళిచ్చిన అట్ట.

నేను భోజనం పళ్ళెం పట్టుకుని బయటికి వచ్చాను. "బావా, నీ కాళ్ళు పట్టుకుంట. బిడ్డ పెండ్లి."

"నాకు తెల్వదారా? అక్షింతలు జేబుల పెట్టుకొచ్చిన. పిల్లనిటు తీస్కరా."

"తాళి కట్టేటప్పుడు మామ లేకపోతే ఏమంటరు జనం?"

"బయటున్నడని చెప్పు. ఉన్న గద." పళ్ళెంలోని లడ్డు పక్కనున్న ఆమెకిచ్చాడు.

నా కూతురు పెళ్ళి చీరతోనే వచ్చి, "మామయ్యా, వై ఆర్ యూ లైక్ దిస్?" అని ఏడుస్తూ నవ్వుతూ కాళ్ళకు దండం పెట్టింది. ఆయన అక్షింతలు వేశాడు. ఆ ఆడవాళ్ళంతా చప్పట్లు కొట్టారు. నేను కూతురి చెయ్యి పట్టుకుని లోపలికి నడిచాను. ఆయన కళ్ళ ముందు ఆ వరస దాటడం నాకది రెండోసారి. ఈసారీ ఆయన ఏమీ అనలేదు.

పోయిన ఏడాది చిప్ ఫ్యాక్టరీలో ఉద్యోగాలు ఊడుతున్న మన కుర్రాళ్ళు ఆయన దగ్గరికి వస్తుండేవాళ్ళు. "అంకుల్, వేరే జాబ్ దొరక్కపోతే దేశం వదలడానికి సిక్స్టీ డేస్ గ్రేస్ పీరియడ్. హెచ్ఆర్ వాళ్ళు ఒక్కొక్కళ్ళని విడిగా పిలుస్తున్నారు" అంటే, "విడిగ పిలిస్తే జంటగ పోండ్రి" అనేవాడు. వాళ్ళు నవ్వేవాళ్ళు. నేను మూలన కూర్చుని వినేవాణ్ణి. ఆ మాట నాకూ ఒకప్పుడు చెప్పి ఉండవచ్చు. చెప్పినా వినేవాణ్ణి కాదు.

నలభై ఏళ్ళు ఒక ప్రశ్న నోట్లో పెట్టుకుని తిరిగాను. ఆ రోజు నా పేరెందుకు చెప్పలేదు? ఆ అవమానం నుంచి నన్ను కాపాడాడా? నేనెవరో తనకు తెలియనట్టే ఉండాలనుకున్నాడా? పండుగలకు కలిశాం, ఆస్పత్రిలో పక్క కుర్చీలో కూర్చున్నాను, ఆయన గోళ్ళు కత్తిరించాను. అడగలేదు. జవాబు ఏదైనా తట్టుకోలేననిపించింది. ఇప్పటికీ ఏ ఆఫీసు గేటు దగ్గర కారు ఆగినా అద్దం దించుతాను. ఎవరైనా పిలుస్తారేమోనని.

అంత్యక్రియల హాలుకు సంఘం వాళ్ళు వచ్చి, శాలువా కప్పి, ఫొటో తీసుకుని వెళ్ళారు. అందరూ పలచబడ్డాక ఒక ముసలాయన చేతికర్ర మీద వంగి లోపలికి వచ్చాడు. ముక్కులో ఆక్సిజన్ గొట్టం. వంగినా పొడుగు తెలుస్తూనే ఉంది. బావను ఉంచిన పెట్టె దగ్గర చాలాసేపు నిలబడి, నా వైపు తిరిగి, "నువ్వెవరు?" అన్నాడు.

"ఈయన భార్య తమ్ముణ్ణి" అన్నాను. తలాడించి వెళ్ళబోయాడు. వెళ్ళనిస్తే సరిపోయేది. చేతికర్ర పట్టుకుని ఆపాను.

"గేటు దగ్గర, గోధుమరంగు కారు. అందులో ఉన్నది నేనే. మీరు పేరడిగితే ఈయన చెప్పలేదు."

నన్ను తేరిపార చూశాడు. కోపం లేదు, దయా లేదు. "ఏమిటి నీ పేరు?" అని అడిగాడు.

చెప్పాను. ఇంటిపేరుతో సహా.

ఆయన నిటారుగా నిలబడే ప్రయత్నం చేసి, మిగిలిన గొంతంతా కూడదీసుకుని నా పేరు పిలిచాడు. ముందువరసలో అక్క మా వైపు తిరిగి చూసింది. మళ్ళీ పిలిచాడు. మూడోసారికి ఊపిరి అందలేదు, దగ్గు ముంచుకొచ్చి కుర్చీ పట్టుకున్నాడు.

మూడోసారి నేనే పిలుచుకున్నాను. ఖాళీ కుర్చీల మధ్య నా పేరు నాకే వినిపించింది. పెట్టెలో మా బావ పెదాలు, ఆ రోజు అద్దంలోంచి చూసినట్టే, మూసుకుని ఉన్నాయి.