పోయినవాళ్ళకు నా కళ్ళు

బ్రాడీపేటలో మేముండే అపార్టుమెంటు కింద ఫ్లెక్సీల షాపు పెట్టి మొన్న ఉగాదికి రెండేళ్ళు నిండాయి. పొద్దున తొమ్మిదింబావుకి మిషను తిరగడం మొదలైతే కాలిన రబ్బరునీ కొత్త రెయిన్‌కోటునీ కలిపి ఉడకబెట్టినట్టు ఒక వాసన మెట్ల మీదుగా మూడో అంతస్తు దాకా వచ్చి నా కాఫీ గ్లాసులో కూర్చుంటుంది. పోయిన నెల ఎదురింటాయన చనిపోతే ఆ షాపతను ఆయన బొమ్మని నిలువెత్తు ఫ్లెక్సీ మీద వేసి గేటుకి కట్టాడు. డెబ్భై తొమ్మిదేళ్ళ మనిషి ముఖాన ఒక్క ముడత లేదు. "ఇరవై ఏళ్ళు తగ్గించానండీ, ఇంట్లోవాళ్ళు అడక్కపోయినా" అని నాతో గొప్పగా చెప్పాడు. పక్కనే నిలబడ్డ ఒక పెద్దమనిషి నిట్టూర్చి, "మన రోజుల్లో చేత్తో వేసేవాళ్ళమ్మా, అందులో నిజం ఉండేది" అన్నాడు. నాకు షాపతని మీదకంటే ఈ పెద్దమనిషి మీదే ఎక్కువ ఒళ్ళు మండింది. చేత్తో వేసే గదిలో ఏడో ఏట నుంచి పద్నాలుగో ఏటి దాకా నేను కూర్చున్నాను. అక్కడ ఏముండేదో నాకు తెలుసు.

మా నాన్న సత్తెనపల్లి స్టేషను రోడ్డులో ఆర్టిస్టు. స్టూడియో అని బోర్డు ఉన్నా అది పన్నెండడుగుల పొడవు, తొమ్మిదడుగుల వెడల్పు ఉన్న రేకుల గది. చుట్టుపక్కల పల్లెల్లో చాలామంది బతికుండగా ఫోటో తీయించుకునేవాళ్ళు కాదు. మనిషి పోయాక నాన్నకి కబురొచ్చేది. ఆయన కెమెరా భుజానికి తగిలించుకుని సైకిలు మీద వెళ్ళి, శవాన్ని గోడకి చేరగిలబెట్టించి, తలపాగానో చీర కొంగో సర్దించి ఫోటో తీసేవాడు. దాన్ని పెద్దది చేసి, మూసుకున్న రెప్పల మీద తెల్లరంగు పూసి, దాని మీద తెరిచిన కళ్ళు వేసేవాడు. పదకొండో రోజు పెద్దకర్మకి ఆ పోయిన మనిషి పటంలోంచి కళ్ళు విప్పి చుట్టాలందరినీ చూడాలి, అదీ ఆయన పని.

ఆ పని ఎంత రోతగా ఉండేదో ఎవరూ రాయరు. చావింటి నుంచి వచ్చిన నాన్న ఒంటి మీద వాడిన మల్లెపూలూ సాంబ్రాణీ కలిసిన ఒక తీపి కంపు ఉండేది. మా అమ్మ గుమ్మంలోనే ఆపి, "ముందు బావి దగ్గర నాలుగు చేదలు పోసుకుని రండి" అనేది. ఆయన రెండు పోసుకుని వచ్చేవాడు, నేను లెక్కపెట్టేదాన్ని. గదిలో ఫోటోలు కడిగే మందు నీళ్ళ పులుపు వాసన, బీడీ పీకలు, రంగుల్లో కలపడానికి నానబెట్టిన తుమ్మబంక. వైశాఖం వచ్చేసరికి ఆ బంక కుళ్ళి దాని మీద ఈగలు నల్లగా ముసిరేవి. మాఘమాసంలో కల్లాల మీద నుంచి మిరపకాయల ఘాటు వచ్చి, నాన్న తుమ్మినప్పుడల్లా తుంపర్లు తడి బొమ్మ మీద పడేవి, వాటిని మోచేత్తో తుడిచేవాడు. పత్తి బళ్ళు స్టేషనుకి వెళ్ళే రోజుల్లో దూది పింజలు ఎగిరొచ్చి ముసలివాళ్ళ బుగ్గలకి అంటుకునేవి. అన్నిటికంటే రోత ఏమిటంటే కుంచె మొన సన్నగా రావడానికి ఆయన దాన్ని నోట్లో పెట్టుకుని చప్పరించేవాడు. ఆయన నాలుక చివర ఎప్పుడూ నల్లగా ఉండేది. మా తాలూకాలో పోయినవాళ్ళ కళ్ళన్నిటిలోనూ మా నాన్న ఎంగిలి ఉంది.

పెద్దకర్మ అయ్యాక ఆ ఇంటివాళ్ళు ఆకుల్లో కట్టి గారెలూ బూరెలూ తెచ్చి ఇచ్చేవాళ్ళు. చావు తిండి అని అమ్మ ఇంట్లోకి రానిచ్చేది కాదు కనక నాన్నా నేనూ స్టూడియోలోనే, ఎదురుగా ఇంకో శవం బొమ్మ ఆరుతూ ఉండగా తినేవాళ్ళం. అవి కమ్మగా ఉండేవని ఒప్పుకోవడానికి ఇప్పటికీ సిగ్గుగా ఉంటుంది.

ఎదురుగా మనిషి లేకుండా కన్ను వేయడం నాన్నకి వచ్చేది కాదు. అందుకని నా కళ్ళు వాడేవాడు. నేను నేల మీద చింతపిక్కలు ఆడుకుంటూంటే "ఏమే, ఇట్రా" అని పిలిచి, ఉత్తరపు కిటికీ ముందు ముక్కాలిపీట మీద కూర్చోబెట్టి, "రెప్ప వెయ్యబాక" అనేవాడు. నేను మనసులో అంకెలు లెక్కపెట్టుకునేదాన్ని, అరవై దాటితే కళ్ళు మండేవి, తొంభైకి నీళ్ళు కారేవి. మీసాల మునసబుకీ, పురిట్లో పోయిన పిల్లతల్లికీ, తొంభై ఏళ్ళ ముసలమ్మకీ అవే కళ్ళు. పక్కన కాసిని గీతలు పెంచేవాడు, తుంచేవాడు, అంతే. నల్లటివాళ్ళని ఎర్రగా చేసేవాడు, బోసి మెడల్లో రెండుపేటల గొలుసులు వేసేవాడు. పటం వెనక ఊరూ పేరూ, పుట్టిన రోజూ పోయిన రోజూ రాయడం నా పని. పుట్టిన రోజు ఎవరికీ తెలిసేది కాదు. గాలివానకి ముందా వెనకా, పెద్దావు ఈనిన ఏడా అని నేనే గుచ్చి గుచ్చి అడిగి వయసు కట్టేదాన్ని. ఆ గదిలో నిజమన్నది ఉంటే ఆ వెనక వైపే ఉంది.

నాకు పదేళ్ళప్పుడు, మాఘమాసంలో, ఏడు మైళ్ళ దూరపు పల్లెలో మూడు రోజుల జ్వరంతో ఒక పిల్ల పోయింది. పేరు కోటేశ్వరి, వయసు పదేళ్ళ నాలుగు నెలలు. నాన్న వెళ్ళి ఫోటో తీసుకొచ్చి, నన్ను పీట మీద కూర్చోబెట్టి, వయసు కూడా సరిపోయిందని ఉత్సాహంగా వేశాడు. ఏడో రోజున పిల్ల తల్లి సీతారావమ్మ వచ్చింది, చంకలో ఆర్నెల్ల మగపిల్లవాడు. పటం ముందు చాలాసేపు నిలబడింది.

"మా పిల్లకి మెల్లకన్నండీ" అంది.

"అయితే ఏమమ్మా, చక్కగా సరిచేశాగా" అన్నాడు నాన్న.

"సరిచేయమని నేనడిగానా? ఎడం కన్ను, ఇట్టా ఉండుద్ది" అని తన ఎడమకన్నుని ముక్కు వైపుకి లాగి పట్టుకుని చూపించింది. నాకు నవ్వొచ్చింది. చంకలో పిల్లవాడు కూడా అమ్మ ముఖం చూసి కిలకిలా నవ్వాడు. ఆమె మాత్రం అలాగే పట్టుకుని నిలబడింది, నాన్న చూశాడని నమ్మకం కుదిరేదాకా. ఆమె దగ్గర ఆ పిల్లది ఇంకో ఫోటో లేదు.

నాన్న ఎల్లుండి రమ్మన్నాడు. ఆమె తొమ్మిదో రోజున వచ్చేసరికి ఆయన కనురెప్పల వెంట్రుకలు ఒత్తుగా చేసి, నుదుట బొట్టు పెట్టాడు. కన్ను ముట్టుకోలేదు.

"నా చేత్తో మెల్లకన్ను వెయ్యనమ్మా. చూసినోళ్ళు ఆర్టిస్టుకి చేతగాలేదనుకుంటారు. అందంగా ఉంటే నీకేం నష్టం?"

"అందం నేనేం చేసుకోనండీ, నాకు నా పిల్ల కావాలి. నాలుగేళ్ళు పోతే ఈడికి నేను ఎవర్ని చూపించి మీ అక్కని చెప్పేది?" అంది పిల్లవాణ్ణి ఎగదోసుకుంటూ. "ఎల్లుండే పెద్దకర్మ. రేపొస్తా."

ఆ మధ్యాహ్నం నాన్న భోజనానికి వెళ్ళినప్పుడు నేను కుంచె తీశాను. తుమ్మబంక రంగు నీళ్ళు తగిలితే లేచిపోతుంది. తడి కుంచెతో ఎడమ కంటిపాపని లేపేసి, ఆమె చూపించినట్టే ముక్కు వైపుకి జరిపి వేశాను. కుంచె నోట్లో పెట్టుకోలేదు, గ్లాసులో నీళ్ళు పెట్టుకున్నాను. దింపడం అయ్యాక చూస్తే అందులోంచి చూసేది మొదటిసారి నేను కాదు, ఇంకెవరో పిల్ల.

మర్నాడు పొద్దున నాన్న చూశాడు. తిడతాడనుకున్నాను. పటాన్ని వెలుగులోకి తిప్పి చూసి, "పరవాలేదే, చెయ్యి కుదురుగానే ఉంది. కానీ ఇట్టాంటివి దించకూడదే" అని మెచ్చుకున్నాడు. కుంచె చప్పరించి, నేను వేసింది తుడిచేసి, కన్నుని మళ్ళీ తిన్నగా పెట్టాడు. గోడ గడియారం నా ఎదురుగానే ఉంది. అయిదు నిమిషాలు పట్టింది. ఆ అయిదు నిమిషాల పని కోసం ఆమె బిడ్డని చంకనేసుకుని పోనూ రానూ పద్నాలుగు మైళ్ళ చొప్పున మూడుసార్లు, మొత్తం నలభై రెండు మైళ్ళు నడిచింది. ఆ పొద్దున మా నాన్న మీద నాకు పుట్టిన ఏవగింపు ఆయన పోయాక కూడా పోలేదు, ఆయన నన్ను ప్రేమగా చూసిన తండ్రే అయినా.

సీతారావమ్మ మధ్యాహ్నం వచ్చింది. చూసింది. గొడవ చేయలేదు. పటాన్ని బల్ల మీద బోర్లా పెట్టి, "ఈ పిల్లెవరో నాకు తెలవదండీ, మీరే ఉంచుకోండి" అని వెళ్ళిపోయింది. నాన్న దాన్ని వారం తిరక్కుండా స్టూడియో గుమ్మం పక్కన వేలాడదీశాడు, పనితనం చూపించుకోవడానికి. దారినపోయేవాళ్ళు ఆగి "అబ్బ, ఏం కళ్ళండీ" అనేవాళ్ళు. ఆ చచ్చిపోయిన పిల్ల ముఖంలో నా కళ్ళని నేను ఇంకో నాలుగేళ్ళు చూశాను.

నాన్న పోయాక ఆ పటం నా ట్రంకుపెట్టెలోకి వచ్చింది. నాకిప్పుడు డెబ్భై నాలుగు. ఎదురింటాయన ఫ్లెక్సీ చూసిన మూడో రోజున పటాన్ని పాత దుప్పట్లో చుట్టుకుని, బస్సెక్కి సత్తెనపల్లిలో దిగి, ఆటో మాట్లాడుకుని వెనక రాసి ఉన్న ఊరికి వెళ్ళాను. సీతారావమ్మ పోయి పదకొండేళ్ళయిందట. అప్పటి చంటిపిల్లవాడు అంజయ్య, తల నెరిసిన రైతు, వరండాలో పత్తి కుప్ప పక్కన కూర్చుని ఉన్నాడు. లోపల గోడ మీద వాళ్ళమ్మ ఫోటో ఉంది, కంప్యూటరులో తెల్లగా చేసి, వెనక మంచుకొండలు పెట్టారు. నేను ముఖం తిప్పుకున్నాను.

అంజయ్య పటం చూసి, "ఎవరమ్మా ఈ పాప?" అన్నాడు.

"మీ అక్క."

"మా అక్కకి మెల్లకన్నంటగా. అమ్మ చెబతా ఉండేది. ఈ పాపకి లేదే."

"ఈ కళ్ళు నావి. కాసిని మంచినీళ్ళూ, ఇంత పత్తీ ఇప్పించు నాయనా."

మెల్లకన్ను సరిగ్గా వేద్దామంటే ఈ వయసులో నాకు కుంచె నిలవదు, నా కళ్ళు తుడిచేయడమే చేతనవుతుంది. పటం వెనక మేకులు అతనే పీకాడు. పత్తి తడిపి అద్దుతూ పోతే ముందు నలుపు వచ్చింది, తర్వాత తెలుపు, ఆ తర్వాత కింది ఫోటో బయటపడింది. రెండు రెప్పలూ మూసుకుని ఉన్నాయి. అంజయ్య వంగి చూశాడు.

"మా అమ్మని పోయినరోజు అరుగు మీద పడుకోబెట్టినప్పుడు అచ్చం ఇట్టానే ఉందమ్మా" అన్నాడు. మేకులు మళ్ళీ కొట్టి, పటాన్ని లోపలికి తీసుకెళ్ళాడు.

స్టేషను రోడ్డులో మా గది ఉన్నచోట ఇప్పుడు సెల్‌ఫోన్లు బాగుచేస్తున్నారు. ముక్కాలిపీట లేదు, ఉత్తరపు కిటికీ మూసేశారు, శవాలకి కళ్ళు వేసేవాళ్ళు ఎవరూ మిగల్లేదు. పోయినందుకు నాకు విచారం లేదు. పోకూడనిది కోటేశ్వరి చూపు ఒక్కటే. దాన్ని చూసినవాళ్ళందరూ వెళ్ళిపోయారు, తల్లి చేసి చూపిస్తే చూసినదాన్ని నేనొక్కదాన్నే ఉన్నాను. అందుకని రాసిపెడుతున్నాను: ఎడమకన్ను, ముక్కు వైపుకి, బియ్యపుగింజలో సగమంత.