అతికిన కాలికి అంకె వేసిన సులోచనక్క

సులోచనా బాయి ఇక లేరన్న వార్త మంగళవారం పొద్దున దవాఖానా మెట్లెక్కుతుంటే చెవిన పడింది. గుండెపోటట. నమ్మలేదు సరికదా, చెప్పిన వార్డుబాయ్ మీద కసురుకున్నాను. నిన్న సాయంత్రం దాకా నా బల్ల ముందు నిలబడి పోట్లాడిన మనిషి తెల్లారేసరికి దివంగతురాలు ఎట్లా అవుతుంది? అప్పటినుంచి నా మనసు ఒకచోట నిలవడం లేదు. కూర్చుంటే లేవాలనిపిస్తుంది, లేస్తే ఎటు పోవాలో తోచదు. ఈ నాలుగు మాటలూ మధ్యమధ్య లేచి, వాకిట్లో తిరిగి వచ్చి రాస్తున్నవే.

ఆదిలాబాద్‌లోని మా దవాఖానాలో రికార్డు సెక్షన్‌కు ఆమె పెద్ద. నేను ఆమె చేతికింద పనివాణ్ణి. మా పని బయటివాళ్లకు కనబడదు. లోకంలోని ప్రతి వ్యాధికీ ఒక అంకె ఉంది. రోగి ఇంటికి పోయాక డాక్టర్ రాసిన కేసుషీటు చదివి, దాని మీద ఆ అంకె వేసి, లెక్కలు హైదరాబాదుకు పంపుతాం. నలుగురూ అది కుర్చీలో కూర్చుని చేసే కొలువు అనుకుంటారు. మేమంతా అక్కా అని పిలిచే ఆమె కూర్చోగా చూసినవాడు లేడు. కొంగు నడుముకు దోపుకుని, షీటు చేతబట్టుకుని వార్డులన్నీ కలయదిరిగేది. ఆమె వస్తుంటే నర్సులు మందుల గదిలోకి తప్పుకునేవాళ్లు. ఆమె ఆగ్రహం, నిజం చెప్పాలంటే, భరించరానిది. దాని వెనుకనున్న కారుణ్యం నిరవధికమని తెలియడానికి మాకు చాలాకాలం పట్టింది.

కొన్నేళ్ల కిందట ఏడాది లెక్కలు కడుతూ ఉన్నట్టుండి నవ్వింది. "తమ్మీ, మన లెక్క ప్రకారం జిల్లాల కాళ్లు ఇరిగినోళ్లు శానమంది ఉన్నరు. కుంటెటోడు ఒక్కడు లేడు. మరి గీ బజార్ల కుంటుకుంట తిరిగెటోళ్లు ఎవరు?" అన్నది.

అసలు సంగతి ఇదీ. కాలు విరిగి, అతికి, తర్వాతెప్పుడో మోకాలి నొప్పితోనో కుంటుతోనో వచ్చినవాడి షీటు మీద డాక్టర్లు అలవాటుకొద్దీ మళ్లీ 'కాలి ఫ్రాక్చర్' అనే రాసేవాళ్లు. దానికి కొత్తగా విరిగిన కాలి అంకె పడేది. నిజానికి పడవలసినవి రెండు. ఇప్పుడున్న బాధకు మొదటిది, ఆ బాధ పాత ఫ్రాక్చర్ మిగిల్చిందని చెప్పడానికి రెండోది. ఆ రెండో అంకె మా దవాఖానాలో ఎవరికీ పడలేదు. అక్కకు ఇక నిద్ర పట్టలేదు, మాకూ పట్టనియ్యలేదు.

ఆ రోజుల్లోనే ఇచ్చోడ నుంచి లచ్చన్న వచ్చాడు. జిన్నింగు మిల్లులో పత్తి బేళ్లు మోసే మనిషి. లారీ మీంచి పడి తొడ ఎముక విరిగింది. అతికింది గాని కాలు పొట్టిదైపోయింది. మిల్లులో కాంటా దగ్గర కూర్చుని చేసే పని ఖాళీగా ఉంది. కాలు చెడిందని దవాఖానా రాసిస్తేనే ఆ పని ఇస్తానని, లేకపోతే బేళ్లు ఎత్తమని, ఎత్తలేకపోతే ఇంటికి పొమ్మని మేనేజరు అన్నాడట.

"దవాఖాన కాయితంల కాలు బాగైందని ఉన్నదట అవ్వా. బరువెత్తితె గీ కాలు ఆగుతలేదు. పని పోతె పిల్లలను ఎట్ల సాదాలె?" అన్నాడు లచ్చన్న.

డాక్టర్ రాయని మాటకు అంకె వేయడం మా వృత్తిధర్మం కాదు. అక్క షీటు తీసుకుని సరాసరి ఎముకల డాక్టర్ గదికి నడిచింది. వెనక నేనూ, లచ్చన్నా.

"ఎముక మంచిగ అతికింది బాయీ, ఎక్స్‌రే చూడుండ్రి," అన్నారాయన.

"ఎక్స్‌రే పండుకోబెట్టి తీస్తరు సార్. జర వరండాల నడిపిచ్చి చూడుండ్రి."

ఆయన విసుగ్గానే లేచి వచ్చారు. పెద్ద డాక్టర్ ఎదుట తిన్నగా నడవాలని లచ్చన్న పళ్లు బిగబట్టి అడుగులు వేస్తున్నాడు. అక్క గదమాయించింది. "సక్కగ నడిచి సూపెట్టకు లచ్చన్నా. ఇంటికాడ ఎట్ల నడుస్తవో గట్లనే నడువు."

అప్పుడు నడిచాడు అసలు నడక. డాక్టర్ టేపు తెప్పించి రెండు కాళ్లూ కొలిచారు. "అతికిచ్చింది నేనే. గిట్ల అతికిందని రాయవలసింది కూడ నేనే," అని కాలు పొట్టిదైందనీ, మోకాలు పూర్తిగా వంగడం లేదనీ, పాత ఫ్రాక్చరే కారణమనీ రాశారు. అక్క వరండాలోనే నిలబడి రెండంకెలూ వేసింది. లచ్చన్నకు కాంటా దగ్గర పని దొరికింది. ఆనాటినుంచి ఎముకల రోగిని వరండాలో నడిపించకుండా షీటు రాయడం మా దవాఖానాలో లేదు.

అటువంటి మనీషి స్థానం భర్తీ అయ్యేది కాదు. ఆమె దివ్యస్మృతికి అంజలి ఘటించడానికి నా దగ్గరున్న పెద్ద మాటలు చాలడం లేదు. అందుకే చూసినదే చెబుతాను.

మంగళవారం మధ్యాహ్నమే అక్క అంతిమయాత్ర. కబురు ఎట్లా అందిందో, లచ్చన్న వచ్చి పాడెకు భుజం పెట్టబోయాడు. అక్క మరిది అడ్డుపడ్డాడు.

"నువ్వొద్దు లచ్చన్నా, నీ కాలు మంచిగ లేదు."

"నా కాలు మంచిగ లేదని మొదలు ఒప్పుకున్నది గామెనే. జరుగుండ్రి," అన్నాడు.

అతను మోసిన వైపు పాడె కొంచెం కుంగింది. ఎవరూ సరిచేయమనలేదు. శ్మశానం దాకా అందరం లచ్చన్న నడకకే నడిచాం.