అవ్వ ఇస్తానన్న కళ్ళు

నిన్న తొమ్మిదో తరగతి పిల్లల ముందు మేక కన్ను కోశాను. చేతులకు స్పిరిట్ రాసుకుని బ్లేడుతో గాటు పెట్టగానే నల్లటి నీరు పళ్ళెంలోకి జారింది. వెనక బెంచీ పిల్లలు "ఛీ" అంటూనే ముందుకు తోసుకొచ్చారు. వాళ్ళలో ఒకమ్మాయి నుదుటి నిండా విభూతి. ఆ పిల్ల నా భుజం మీదుగా వంగి చూస్తుంటే స్పిరిట్ వాసన, విభూతి వాసన కలిసి ఒక్కసారిగా తగిలాయి. చేతిలో బ్లేడు ఆగిపోయింది. ఆ రెండు వాసనలూ ఒక్క మనిషి దగ్గర కలిసి రావడం నేను చూసింది ఒక్కరిలోనే. ఆయన నారాయణఖేడ్‌లో నాకు సైన్సు చెప్పిన బస్వరాజు సార్. ఇప్పుడు లేరు.

సార్ వాళ్ళు లింగాయతులు. మెడలో వెండి కాయ, అందులో ఇష్టలింగం. పొద్దున దాన్ని అరచేతిలో పెట్టుకుని పూజ చేయనిదే మంచినీళ్ళు కూడా ముట్టరు. అలాంటి మనిషి కన్ను పాఠం వచ్చిందంటే మటన్ దుకాణానికి స్వయంగా వెళ్ళి మేక కళ్ళు పట్టుకొచ్చేవారు. కోసే ముందు లింగకాయను చొక్కా లోపలికి వేసుకుని గుండీ పెట్టుకునేవారు. సాయంత్రం ఇంటికెళ్తే వాళ్ళమ్మ నీలమ్మ అవ్వ గడప దాటనిచ్చేది కాదు. పెరట్లో తల మీదుగా నీళ్ళు పోసుకుని, బట్టలు మార్చుకున్నాకే లోపలికి. మా ఇల్లు వాళ్ళకు రెండిళ్ళ అవతల. చలికాలంలో సార్ పెరట్లో వణుకుతూ నిలబడితే గోడ మీదనుంచి చూసి మేం నవ్వుకునేవాళ్ళం. ఒకసారి క్లాసులో ఒకడు ధైర్యం చేసి అడిగేశాడు.

"సార్, లింగం మెడల ఏస్కొని మాంసం కోస్తే పాపం తగలదా?"

"తగిల్తే నాకు తగుల్తది. నువ్వు కన్ను జూడు."

కంటి లోపలి నుంచి సెనగగింజ కంటే కాస్త పెద్దగా ఉన్న కటకాన్ని తీసి న్యూస్‌పేపర్ మీద పెట్టారు. కింద అక్షరాలు ఉబ్బి పెద్దగా కనిపించాయి. మేం చప్పట్లు కొట్టాం. సార్ నవ్వలేదు. "మేక సచ్చిపోయింది. దాని కన్ను ఇంకా పని జేస్తనే ఉంది. మరి సదివేది ఎవలు?" అన్నారు. మేమే అన్నాం. "మీలో ఎవలు?" అన్నారు. క్లాసు ఫస్టు నేనే కాబట్టి లేచి మెదడు అని చెప్పాను. "మెదడు సుత మాంసమే గదా మంజులా. కోసి జూస్తే లోపల ఇంకొకడు కూసోని ఉండడు. మా అమ్మ ఆత్మ అంటది. నా పుస్తకంల ఆ మాట లేదు. నాకు తెల్వదు. తెల్వనిది తెల్వదని రాసుకోండ్రి." నాకు ఒళ్ళు మండింది. పరీక్షలో అలా రాస్తే మార్కులు ఎవరిస్తారు? సార్‌కు పాఠం సరిగా రాదేమో అని కూడా అనుకున్నాను. తెలియదని చెప్పడానికి ఎంత గుండె కావాలో నేను టీచర్నయ్యాక గాని తెలిసిరాలేదు.

ఆదివారాలు సార్ షేర్ ఆటో పట్టుకుని కంగ్టి వైపో మనూర్ వైపో వెళ్ళి, చనిపోయినవాళ్ళ కళ్ళు దానం చేయమని ఊళ్ళలో చెప్పి వచ్చేవారు. ఊళ్ళను ఒప్పించగలిగారు గాని ఇంట్లో అవ్వను ఒప్పించలేకపోయారు. లింగాయతుల్లో పోయినవాళ్ళను పడుకోబెట్టరు, కాల్చరు. కూర్చోబెట్టి, ఎడమ అరచేతిలో మెడలోని ఆ లింగాన్నే పెట్టి, కూర్చున్నట్టే మట్టిలో సమాధి చేస్తారు. చూపు లింగం మీద ఉన్నట్టు తల కాస్త వంచుతారు. అవ్వ వాదన అంతా అక్కడే. డౌట్లు అడగడానికి వెళ్ళిన నన్ను కూడా ఆమె తాయీ, అంటే తల్లీ, అని పిలిచి సాక్ష్యానికి లాగేది.

"కూసో తాయీ, నువ్వే చెప్పు. లింగం చేతిల పెట్టి కండ్లు తీస్కపోతే నేను దేనితోని జూడాలె?"

"కన్నుతోని జూసుడు గాదమ్మా. కన్ను ఒట్టి అద్దం," అనేవారు సార్.

"అద్దమైతే అద్దమే. నా అద్దం నాకుండనీ."

సార్ నవ్వి నా డౌట్ల వైపు తిరిగేవారు. ఆయనకు అవ్వతో వాదించడం ఇష్టం, గెలవడం ఇష్టం లేదు అనిపించేది నాకు.

తరువాత అవ్వకు రెండు కళ్ళకూ శుక్లాలు వచ్చాయి. సార్ ఒక కంటికి ఆపరేషన్ చేయించి తీసుకొచ్చారు. చూడటానికి వెళ్ళాను. అప్పటికి నేను బీఎడ్ చదువుతున్నాను. అవ్వ పచ్చ గుడ్డ కట్టుకున్న కన్నుతో గోడకానుకుని కూర్చుని ఉంది. నన్ను చూసి కాదు, నా అడుగుల చప్పుడు విని పిలిచింది. "ఒక కంటికి పట్టి, ఇంకో కంటికి పొర. పొద్దుగాల పూజల కూసున్న. లింగం ఎప్పటిలెక్కనే కనిపిచ్చింది తాయీ. ఇంత కూడ తక్కువ గాలే." తరువాత లోపలికి వినిపించేలా గట్టిగా అంది. "ఏయ్ బస్వా! నేను పోయినంక నా కండ్లు ఇచ్చెయ్యి. జూసేది అవి గాదు."

సార్ చేతిలో చాయ్ గ్లాసుతో గుమ్మంలో నిలబడిపోయారు. పుస్తకం ఆమెను ఒప్పించలేదు. ఆమెను ఒప్పించింది ఆమె పూజే. ఆ తరువాత చాలా రోజులు సార్ ఊళ్ళలో ఈ మాటే గర్వంగా చెప్పుకున్నారు.

అవ్వ ఒక ఉదయం నిద్రలోనే పోయింది. అప్పటికి నేను బడిలో టీచరుగా చేరాను. సార్ ఫోన్ చేసి "మంజులా, కండ్లు తీస్కునేటోళ్ళకు నువ్వు చెప్పు, నాకు మాట వస్తలేదు" అన్నారు. చెప్పాను. శుక్లాలు వచ్చిన కళ్ళయినా పనికొస్తాయని, సంగారెడ్డి నుంచి బయలుదేరామని అన్నారు. వచ్చేదాకా రెప్పలు మూసి, పైన తడి దూది పెట్టి ఉంచమన్నారు. కన్ను ఎండిపోకూడదట. నా చేతులతోనే పెట్టాను. వాళ్ళ ఆచారాలు చేయించే జంగమయ్య వీరయ్యస్వామి వచ్చారు. అవ్వను గోడకు ఆనించి కూర్చోబెట్టారు. విభూతి పెట్టడానికి స్వామి దూది పక్కకు తీశారు. లింగాన్ని ఆమె ఎడమ అరచేతిలో పెట్టి తల కొంచెం వంచారు. రెప్పలు సగం తెరుచుకున్నాయి.

సార్ అవ్వ ముందు కూర్చుని ఉన్నారు. ఆయన మొహం మారిపోయింది.

"జూస్తున్నది," అన్నారు. "అమ్మ లింగాన్ని జూస్తున్నది మంజులా."

"సార్, కండరాలు వదులైతే రెప్పలు అట్లనే తెరుచుకుంటయ్. మీరే చెప్పిండ్రు."

"తెలుసు. నేనే చెప్పిన. వాళ్ళను రావద్దని చెప్పు."

వీరయ్యస్వామి కూడా ఆయన భుజం మీద చెయ్యి వేశారు. "అవ్వ నాతోని సుత చెప్పింది బస్వరాజు. ఇయ్యి. లింగం ఏమనుకోదు." సార్ తల అడ్డంగా ఊపారు. ఏడవడం లేదు, కోపం లేదు. చిన్నపిల్లాడు తన వస్తువును దాచుకున్నట్టు అవ్వ మోకాళ్ళను రెండు చేతులా పట్టుకుని కూర్చున్నారు. నేను బయటికొచ్చి ఫోన్ చేశాను. జోగిపేట దాటేశామన్నారు. మీ తప్పేం లేదమ్మా, అప్పుడప్పుడు ఇలాగే అవుతుంది అని వెనక్కి తిరిగారు. సాయంత్రం అవ్వను కళ్ళతో సహా మట్టిలో కూర్చోబెట్టారు.

ఆ తరువాత సార్ ఊళ్ళకు వెళ్ళడం మానేశారు. రిటైరయ్యాక ఇంటి ముందు అరుగు మీదే ఎక్కువగా కనిపించేవారు. ఒక సాయంత్రం నన్ను ఆపి కూర్చోమన్నారు. "అమ్మ నమ్మింది, ఇస్తనన్నది. చెప్పినోన్ని నేను, నాకే నమ్మకం కుదరలే. ఇద్దరికి చూపు వస్తుండె గదా మంజులా. ఎవలో ఏమో, ఎక్కడ తడుముకుంటున్నరో." ఓదార్చబోతే చెయ్యెత్తి ఆపారు. "నా వంతు వచ్చినప్పుడు ఎవలేం జెప్పినా ఇనకు. ఇప్పియ్యి." సరే సార్ అన్నాను. ఆ మాట తీర్చే అదృష్టం కూడా దక్కలేదు. సార్‌కు ఒళ్ళంతా ఇన్‌ఫెక్షన్ పాకి పట్నం దవాఖానలో పోయారు. నేను వెళ్ళి డాక్టర్లను అడిగాను. ఇలాంటి జబ్బుతో పోయినవాళ్ళ కళ్ళు తీసుకోకూడదమ్మా అన్నారు. బతిమాలాను కూడా. కుదరదన్నారు. సార్‌ను తెచ్చి అవ్వ పక్కనే కూర్చోబెట్టారు. నాలుగు కళ్ళూ మట్టిలోకే వెళ్ళాయి.

నిన్న నేనూ కటకాన్ని పేపర్ మీద పెట్టి పిల్లల్ని అడిగాను. చదివేది ఎవరు? మేమే అన్నారు. మీలో ఎవరు అన్నాను. విభూతి పెట్టుకున్న అమ్మాయి చాలాసేపు ఆలోచించి, "మీకు తెలుసా టీచర్?" అని అడిగింది. తెలియదన్నాను. ఆ మాట తేలిగ్గానే వచ్చింది. పాఠమయ్యాక పళ్ళెం కడగడానికి తీస్తూ, కోసిన మేక కన్ను మీద తడి దూది పెట్టాను. ప్రతిసారీ పెడతాను.

"ఎందుకు టీచర్ గది?"

"ఎండిపోకుండా."

"ఎట్లన్న పారేస్తం గదా. ఎండితే ఏమైతది?"

విభూతి పిల్ల అడిగింది నిజమే. ఏమీ కాదన్నాను. దూది ఆరిందేమో చూసి, ఇంకో రెండు చుక్కలు నీళ్ళు పోశాను.