పెద్దమామ్మ చూడని నాటకాలు

పలాసలో డయాలసిస్ కుర్చీలో కూర్చుంటే నాలుగు గంటలు ఎటూ కదలడానికి ఉండదు. కిడ్నీ జబ్బు ఇంటింటా ఉన్న మా ఉద్దానంలో చాలామందికి అలవాటైన కూర్చోవడమే అది. మొన్న అలా కూర్చున్నప్పుడే టెక్కలి నుంచి ఒకమ్మాయి ఫోన్ చేసింది. పాతకాలం నాటక రచయిత్రుల మీద పరిశోధన చేస్తోందట. "మీ పెద్దమామ్మగారు మూడో నాటకం తరవాత ఇంకెందుకు రాయనేదండీ?" అని అడిగింది. చేతికి సూదులున్నాయి, సాయంత్రం చెబుతానన్నాను. ఆ తరవాత మెషీన్ చప్పుడు వింటూ ఆవిడ గురించే ఆలోచిస్తూ ఉండిపోయాను.

పెద్దమామ్మ మా తాతగారి అప్ప. మా వైపు అక్కను అప్ప అంటాం. కాపరానికి వెళ్లకముందే భర్త పోయాడు. వజ్రపుకొత్తూరు దగ్గర మా కొబ్బరితోటలో ఉన్న ఇల్లు ఆవిడ ఆ తరవాత దాటలేదు. తమ్ముడికి చదువు చెప్పడానికి పంతులుగారు వస్తే, తలుపు అవతల బియ్యం చెరుగుతూ ఆవిడే ముందు నేర్చేసుకుంది. తాతగారికి పద్యం ఆగిపోయిన చోట లోపలినుంచి అందించేదట. పంతులుగారు విననట్టు ఊరుకునేవారట.

తాతగారు చెడ్డవారు కారు. అప్ప రాసిన మొదటి రెండు నాటకాలూ బరంపురంలో ఆయనే అచ్చు వేయించారు, కాకపోతే పేరు ఉండాల్సిన చోట 'ఒక సోదరి' అని వేయించారు. వాటిని పూండిలో ఒక నాటక సమాజం ఆడేది. టెక్కలిలో, మందసలో ఆడి వచ్చాక, జనం ఎక్కడ ఏడ్చారో, రాజుగారి మీసం ఏ రంగంలో ఊడిందో తాతగారు పూసగుచ్చినట్టు చెప్పేవారు. ఆవిడ జీడిపప్పు పొర తీస్తూ వినేది. మీసం ఊడిన చోట రాజుకి మాటలు తగ్గించి మళ్లీ రాసిచ్చేది. తన నాటకం మాత్రం ఒక్కసారీ చూడలేదు. అది ఆడవాళ్లు వెళ్లే చోటు కాదని తాతగారి మాట.

మూడో నాటకంలో తనలాగే భర్త పోయిన పిల్ల, అన్నగారి ఇల్లు విడిచి, చదువుకోవడానికి రైలెక్కి వెళ్లిపోతుంది. తాతగారు ఆవిడకు చెప్పకుండా ఆఖరి రంగం మార్చేశారు. పిల్ల స్టేషన్ నుంచి తిరిగొచ్చి అన్న కాళ్ల మీద పడుతుంది. ఆడవేషం కట్టేది పక్క ఊరి రైతు. వేషం కోసం మీసం తీసేశాడని ఆయన భార్య అన్నం పెట్టడం మానేసిందని చెప్పుకునేవారు. ప్రదర్శన రోజు ఆయన చీర అడగడానికి మా ఇంటికొచ్చి, రాసినావిడ మెచ్చుకుంటుందని ఆఖరి మాటలు వినిపించాడు.

"ఆ పిల్ల ఎనక్కి రాదు బాబూ," అంది ఆవిడ. ఆయన్ని వాకిట్లో నిలబెట్టి, తన మాటలు నోటికి వచ్చేదాకా చెప్పించింది.

ఆ రాత్రి టెక్కలిలో వేదిక మీద ఆయన ఆ మాటలే చెప్పి రైలెక్కేశాడు. జనం చప్పట్లు కొట్టారు. ముందు వరసలో తాతగారు తల దించుకుని కూర్చున్నారట. మర్నాడు పొద్దున్న ఇంటికొచ్చాక జరిగింది మా మామ్మ విని మాకు చెప్పింది. తాతగారు గొంతు పెంచలేదు.

"ఇంటి గుట్టు ఈదిలో పెట్టీసినావప్పా," అన్నారు.

"అది ఆ పిల్ల కత తమ్ముడూ. నానేటి, ఎక్కడికెల్లాను?" అంది ఆవిడ.

తాతగారు రాయొద్దనలేదు. కాగితం తేవడం మానేశారు, సిరా తేవడం మానేశారు, అంతే. నాటకం వాళ్లు మా ఇంటివైపు రావడం కూడా ఆగిపోయింది. మర్యాదకు మాత్రం లోటు లేదు. పెళ్లి వంటలకైనా, ఆవకాయ పాళ్లకైనా ఆవిడదే ఆఖరి మాట. పిల్లలం చుట్టూ చేరితే కథలు చెప్పేది. అన్నీ మధ్యలోనే ఆపేసేది. తరవాతేమైందని ప్రాణం తీస్తే, కొబ్బరి ఈనెలు గీసుకుంటూ మమ్మల్ని ఆడుకోడానికి పొమ్మనేది.

తాతగారు పోయిన కొన్నేళ్లకి నాకు కవిటిలో టీచరు ఉద్యోగం వచ్చింది. పెద్దమామ్మకి అప్పటికి కళ్లు బాగానే కనిపిస్తున్నాయి, కాళ్లు బాగానే ఆడుతున్నాయి. ఆపేవాళ్లు ఇంట్లో ఎవరూ లేరు. నాతో వచ్చి ఉండమన్నాను, కాగితాలు నేను తెస్తానన్నాను. ఆవిడ సరేనని ఉతికిన చీర కట్టుకుంది. తోట చివర దడి దాకా నడిచింది. అవతల బస్సు ఆగి ఉంది. ఆవిడ దడి కర్ర పట్టుకుని రోడ్డు చూస్తూ నిలబడిపోయింది. చెయ్యి పట్టుకుంటే మెల్లగా విడిపించుకుంది.

"నువ్వెల్లమ్మా. నాకు ఎల్లడం మర్సిపోనాది," అంది.

బస్సు కదిలాక కిటికీలోంచి చూశాను. ఎవరో పిలుస్తున్నట్టు, ఆవిడ ఇంటివైపు గబగబా నడిచి వెళ్లిపోతోంది.

ఆవిడను అలా చేసింది తాతగారేనని చాలాకాలం ఆయన మీద కోపం పెట్టుకున్నాను. ఆయన మొదలుపెట్టిన పనిని, ఆయన పోయాక కూడా ఆవిడకు పడిన అలవాటే మానకుండా చేసుకుపోయిందని ఈ వయసులో తెలుస్తోంది.